రసవాదపు కుండ: పగిలినప్పుడు నింద యెవరిది?

మన కథలలో పాత్రలకు గొప్ప గౌరవము కలదు. ద్రౌపది యక్షయపాత్ర మొదలుకొని అవ్వలు చెప్పు పేదరాశి పెద్దమ్మ కుండవరకు, ఎంత తీసినను తరుగని పాత్రలతో మన బాల్యము నిండియున్నది. వానిలో నొక జాతి పాత్రనుగూర్చి మాత్రము మనము తగినంత విచారింపలేదని నాకు తోచుచున్నది. అది అన్నము పెట్టు పాత్ర కాదు. నిలువని దానిని నిలుపు పాత్ర. చేతికి చిక్కక జారునదియు, వేడి తగిలినంతనే యెగిరిపోవునదియు, తాకిన యినుమును బంగారము చేయునదియునగు సిద్ధరసమును దాచియుంచు కుండ.

కొన్ని సంవత్సరముల క్రిందట నేనట్టి కథ నొకదానిని తరగతిలో చెప్పుచుండగా నొక బాలుడు లేచి, “మాస్టారూ, తగిలిందల్లా బంగారమైపోతే మరి కుండెందుకు అవలేదండీ?” అని యడిగెను. తరగతి యంతయు నవ్వెను గాని, ఆ ప్రశ్న నాతో నింటికి వచ్చినది. దానికి సమాధానము వెదకుచు రసశాస్త్ర గ్రంథములను, ఆంగ్లకావ్యములను మరల తిరుగవేసితిని. వెదకగా వెదకగా కుండనుగూర్చిన ప్రశ్నకంటె పెద్ద ప్రశ్న మరియొకటి నాకెదురైనది. దానిని చదువరుల ముందుంచుటయే యీ వ్యాసమునకు ప్రయోజనము.

నేను చెప్పిన కథ కొండవీటి రెడ్డిరాజుల వంశమూలమునుగూర్చి జనులు చెప్పుకొనునది. స్థానిక చరిత్రలలో పలు పాఠభేదములతో నిది కానవచ్చును. దాని సారమిది. వేమ యను పేరుగల యొక వైశ్యుడు శ్రీశైల ప్రాంతమున సిద్ధరసమును సంపాదించి, పాత్రలో నింపుకొని పోవుచు, దారిలో నొక రైతు నింట బసచేసెను. ఆ పాత్ర పశువులకొట్టములో నుండగా దానినుండి చుక్క జారి, క్రిందనున్న నాగటి కర్రుపై బడినది. కర్రు బంగారమయ్యెను. రైతు దానిని చూచెను, ఆశ పుట్టెను. పాత్రను దాచి కొట్టమునకు నిప్పు పెట్టెను. తన రసము కాలిపోవుచున్నదని తలచి వైశ్యుడు మంటలలోనికి దుమికి మరణించెను. పిమ్మట నాతని యాత్మ రైతు కుటుంబమును పీడింపగా, తన సంతతివారికి వేమ యని పేరు పెట్టుదునని రైతు మ్రొక్కుకొనెనట. ప్రోలయ వేమారెడ్డి, అనవేమారెడ్డి, పెదకోమటి వేమారెడ్డి యని యా వంశమున నా పేరు మరల మరల వచ్చుటకు గారణమిదియే యని కథకుల సిద్ధాంతము.

చరిత్రకారుడు దీనిని చరిత్రగా నంగీకరింపడు. ఒక పేరునకు గారణము వెదకుచు పుట్టిన కథయని త్రోసివేయును. ఆయన పని ఆయన చేయవలసినదే. సాహిత్య విమర్శకుని పని వేరు. కథ యబద్ధమైనను కథకుని బుద్ధి నిజాయితీ గలదియా కాదా యని యతడు చూడవలయును. ఆ దృష్టితో జూడగా నీ కథలో రెండు గుణములు కనబడుచున్నవి.

మొదటిది, రసమునకే గాని కుండకు మాహాత్మ్యము లేదు. కుండ కారినది. బంగారమైనది మన్ను కాదు, కుండ వ్రేలాడగట్టిన త్రాడు కాదు; ఇనుప కర్రు. రసము లోహమునే మార్చునని కథకుడు మాటలలో చెప్పకుండ, కుండ క్రింద నాగలిని పెట్టి చెప్పినాడు. నా విద్యార్థి ప్రశ్నకు సమాధానము కథలోనే యుండగా నేను గమనింపనైతిని. రెండవది యింతకంటె ముఖ్యము. కుండ కారినందువలన గలిగిన యనర్థమునకు కథకుడు వైశ్యుని నిందింపలేదు. గ్రహచారమును నిందింపలేదు. ఇంటి యాడువారిని నిందింపలేదు. అతిథిని చంపినవాడు గృహస్థుడేయని చెప్పి, ఆ పాపమును రాజవంశము తరతరములు తన పేరులోనే మోసినదని ముగించినాడు. రాజుల ప్రాపున బ్రతుకు వంశావళులలో నింత నిష్కర్షయైన మాట తరచుగా దొరకదు.

ఇట్టి నిష్కర్ష మా యింట లేకపోయెను. మా తాతగారికొక చెల్లెలుండెను. ఆమెను మేము మామ్మ యని పిలుచువారము. చిన్నతనముననే భర్తను గోల్పోయి పుట్టినింటనే యుండిపోయినది. నేను పుట్టుటకు పూర్వమొక బైరాగి మా గ్రామమునకు వచ్చి, బంగారమును రెట్టింపు చేయుదునని నమ్మబలికెనట. ఇంటిలోని నగలన్నియు నొక క్రొత్తకుండలో పెట్టించి, వానిపై నేదియో పసరును, పాదరసమును పోసి, మూతపెట్టి మన్ను మెత్తి, దేవునిగదిలో నుంచి, నలువది దినములు మూత తీయరాదని శాసించి, మూలిక తెచ్చెదనని వెడలిపోయెను. ముప్పదవ నాడో ముప్పదియొకటవ నాడో మామ్మ కనుమానము కలిగి మూత తీసినది. లోపల నిటుకముక్కలును ఇసుకయు నుండెను.

ఇంతవరకు నిది యే గ్రామముననైన వినదగిన కథయే. తరువాతి భాగమే నాకు మరపురానిది. మా యింటివారు బైరాగిని నిందింపలేదు. గడువు నిండకమునుపే విధవ చేయి సోకినందున రసము లేచిపోయి బంగారము మన్నైపోయినదని తీర్మానించిరి. ఆ తీర్మానముతో నామె జీవితమంతయు గడపినది. పెండ్లిండ్లలో నగల మాట వచ్చినప్పుడెల్ల నెవరో యొకరామె వైపు చూచువారు. బాల్యమున నేనును ఆ మాటనే నమ్మితిని. కాలేజీలో చేరిన పిమ్మట నొకనాడు నేనడుగగా, “నేను తీసేటప్పటికే అందులో ఇసకేరా నాయనా” యని మాత్రము చెప్పినది. అప్పటి కామెకు డెబ్బది యేండ్లు దాటినవి. అంతకుమున్ను ఆమె నా సంగతి యడిగినవారు లేరు.

కావున రసవాదమునుగూర్చిన యే కథను చదివినను నేనిప్పుడొక్క ప్రశ్ననే వేసికొనుచున్నాను: కుండ పగిలినప్పుడు, లేదా కుండలో నేమియు లేదని తేలినప్పుడు, ఈ కథ యెవరిని నిందించుచున్నది?

1400 లో మరణించిన ఆంగ్లకవి జాఫ్రీ చాసరు తన కాంటర్బరీ కథలలో నొకదానిని రసవాది సేవకునిచేత చెప్పించినాడు. అతడు కానను అను మతాధికారి యొద్ద నేడేండ్లు పనిచేసి, కొలిమి నూది యూది మొగమున రక్తకాంతి పోయి సీసపువన్నె వచ్చినవాడు. తన రహస్యములు బయలుపడునని తెలిసి యజమానుడు పారిపోగా, సేవకుడు నోరు విప్పును. పాదరసము, హరిదళము, నవాసాగరము, గంధకము అను నాలుగింటికిని రసవాదులు ఆత్మలని పేరు పెట్టిరని యతడు చెప్పును. పేరు తగినదే, నిప్పుసోకగనే యెగిరిపోవునవి గదా! ఆ యాత్మలను కుండలో బంధించి కొలిమిపై నుంచగా కుండ బ్రద్దలగును. ముక్కలు గోడలలో గ్రుచ్చుకొనును, నేలలో దిగబడును, కప్పునకెగురును. అప్పుడు వాదము మొదలగును. ఎక్కువసేపు నిప్పుపై నుంచితిరని యొకడు, తిత్తి సరిగా నూదలేదని యొకడు, ఫలానా చెట్టు కట్టెలు వాడకపోవుటచేతనే యిట్లయినదని మరియొకడు. చివరకు యజమానుడు కుండలోనే బీట యుండెనని యోదార్చి, ఈసారి తప్పక ఫలించునని చెప్పును. అందరును నేల నూడ్చి, చెత్తను గుడ్డలో జల్లించి, మిగిలిన తునకలేరుకొందురు.

ఆ జల్లెడపట్టు చిత్రములోనే చాసరు ప్రతిభ యంతయు నున్నది. కట్టెలపై నింద పడినది, తిత్తిపై పడినది, కుండపై పడినది. విద్యపై మాత్రము పడలేదు. ఈ విద్యయే యబద్ధమేమో యని యా గుంపులో నొక్కడును అనుకొనలేదు. కవి యది యనకయే మనచేత ననిపించినాడు.

ఆ కథ రెండవ భాగములో మోసము మరింత సూక్ష్మమైనది. మరియొక కానను లండనులో నొక పురోహితుని వంచించును. బొగ్గును తొలిచి, అందులో వెండిరజను పోసి, మైనముతో మూసి సిద్ధపరచుకొనును. “మీకు చెమట పట్టినది, తుడుచుకొను”డని గుడ్డ చేతికిచ్చి, పురోహితుడు మొగము తుడుచుకొను క్షణములో నా బొగ్గును మూసపై నుంచును. మైనము కరగి వెండి మూసలో పడును. పురోహితుడు సంతోషముతో నలువది పౌనులిచ్చి యా విద్య కొనును. ఇచ్చట మూత వేసినది కుండకు గాదు, కంటికి. దేవునిగదిలోని కుండకును ఈ చేతిగుడ్డకును భేదమేమున్నది?

బెన్ జాన్సను 1610 నాటి తన ‘రసవాది’ నాటకములో నింకొక మెట్టెక్కినాడు. లండనులో మహామారి వ్యాపింపగా గృహయజమాని యూరు విడుచును. ఆ యింట సేవకుడును, కపటరసవాదియు, వారికి తోడైన యొక స్త్రీయు దుకాణము పెట్టుదురు. సర్ ఎపిక్యూర్ మామన్ అను ధనికుడు తన యింటి లోహసామాను నెల్ల బంగారము చేయింపదలచి వారికి బంపును. సిద్ధి కలుగవలెనన్నచో పవిత్రుడైన పురుషుడు కావలయునని వారు ముందే షరతు పెట్టుదురు. పిమ్మట నాతని నా స్త్రీతో నేకాంతమున చేర్చి, సరిగా నప్పుడే లోపల భాండములు ప్రేలిపోయినవని చప్పుడు చేయుదురు. “నీ కామమే యీ వినాశమునకు గారణ”మని కపటరసవాది గద్దించును. మామన్ దానిని నమ్మి, తనకు తగిన శిక్షయే కలిగినదని విలపించును. మోసపోయినవాడే దోషియగును, మోసగాడు గురువగును. ఈ ఘట్టమును మొదటిసారి చదివిననాడు నాకు నవ్వు రాలేదు. మా మామ్మ జ్ఞప్తికి వచ్చినది. మామన్ లోభి, కాముకుడు. అతని నవ్వుటకు కవికి హక్కు కలదు. కాని యదే తంత్రము నిరపరాధియైన స్త్రీపై ప్రయోగించినప్పుడది హాస్యము గాదని మనము గ్రహింపవలెను.

ఇక మన సంస్కృత గ్రంథములు. వాగ్భటునికారోపింపబడిన రసరత్నసముచ్చయములో తొమ్మిదవ యధ్యాయము యంత్రములనుగూర్చి, పదియవది మూసలనుగూర్చి చెప్పుచున్నది. మంత్రపాత్ర దొరకునేమోయని వెదకిన నాకచ్చట కుమ్మరి దొరకెను. వజ్రమూస యను పేరు విని వజ్రముతో చేసినదనుకొందుము. విప్పి చూచిన మన్ను, జనుము, గుఱ్ఱపు లద్ది, కాల్చిన ఊక, ఇనుపకిట్టము! డమరుయంత్రమనగా రెండు కుండలను మూతికి మూతి చేర్చి సందులు మన్నుతో మూసినది. క్రింది కుండలో నింగిలీకము వేసి కాల్చి, పై కుండను తడిగుడ్డతో చల్లార్చినచో, లేచిన పాదరసము పై కుండలో చుక్కలు చుక్కలుగా నంటుకొనును. పాదరసము సుమారు 357 డిగ్రీల సెంటిగ్రేడున మరగి యావిరియగును. బంగారమును వెండిని తనలో కరగించుకొనును. కనుక దానికి మన్నో, గాజో, ఇనుమో తగిన పాత్ర. వర్తకములో దాని నినుప బుడ్లలోనే పోసిరి. నా విద్యార్థి ప్రశ్నకిది రెండవ సమాధానము.

వాలుకాయంత్రమున మరియొక విశేషమున్నది. గాజుకుప్పెకు మన్ను పూసిన గుడ్డ నేడు పొరలు చుట్టి, రసగంధకముల కజ్జలిని నింపి, ఇసుకలో పాతి కాల్చుదురు. గంధకపు పొగ పోవువరకు మూతి తెరచియే యుంచవలెను. కాల్చిన యినుప కడ్డీతో గొంతును శుభ్రపరచుచుండవలెను. పొగ తీరిన పిమ్మటనే బిరడా వేయవలెను. ముందుగా మూసినచో కుప్పె ప్రేలును. ఎప్పుడు మూయవలెనో యెప్పుడు తెరవవలెనో తెలియుటయే యా పనిలో నేర్పు. కుప్పె పగిలినచో పొర చాలలేదని, నిప్పు మించినదని, మూత తొందరపడినదని పనివాడు తెలిసికొని మరల చేయును. ఇచ్చటను నింద కుండపైననే పడినది గదా, చాసరు కథలోని యజమానుని మాటకును దీనికిని భేదమేమని యడుగవచ్చును. ఆతడు బీట యని చెప్పి మరల డబ్బడిగెను. వీడు బీట యని తెలిసికొని మన్ను మార్చెను.

అయినను మన గ్రంథములను నిర్దోషములనుట పక్షపాతమగును. ఆ పుస్తకములే రాగిని బంగారము చేయుదుమనియు, దేహము నజరామరము చేయుదుమనియు వాగ్దానము చేసినవి. ఈ విద్యను గోప్యముగా నుంచవలెనని మరల మరల శాసించినవి. కుండ చేయు విధమును విప్పిచెప్పిన శాస్త్రము ఫలమును మాత్రము మూతక్రింద నుంచినది. ఆ గోప్యమే బైరాగులకు మూలధనమైనది. పూర్వుల నేర్పును గౌరవించుచునే యీ లోపమును చెప్పుట మన ధర్మము.

గోప్యము లేని నేర్పు ఫలమేమో చూడదలచినవారు రాజస్థానమున ఉదయపురమునకు సమీపముననున్న జావరునకు పోవలెను. అచ్చటి గనులలోని రాతినుండి పూర్వులు యశదమును తీసిరి. మన పెద్దలు తుత్తునాగమనునదియు నదియే. అది కొంటెలోహము. 907 డిగ్రీలకే మరగును. రాతినుండి విడివడుటకంతకంటె నెక్కువ వేడి కావలెను. కావున పుట్టినంతనే యావిరియై, గాలి తగిలినచో తెల్లని బూడిదయగును. దానిని పట్టుటకు జావరు పనివారు వంకాయ యాకారముగల మట్టిమూసలు చేసి, పొడుగైన తొడిమవంటి గొట్టమమర్చి, తలక్రిందుగా నిలిపి, పైన మంట బెట్టి, గొట్టము క్రింది చల్లని యరలోనికి దిగునట్లు కట్టిరి. 1980 తరువాతి త్రవ్వకములలో నొక్కొక్క కొలిమిలో ముప్పదియారు మూసలు నిలిపిన విధము బయటపడినది. రసరత్నసముచ్చయము చెప్పిన వృంతాకమూస, అనగా వంకాయమూస, ఇట్టిదే. ఐరోపాలో విలియం చాంపియను బ్రిస్టలులో యశదము తీయుటకు హక్కుపత్రము పొందినది 1738 లో; జావరు కొలుము లంతకు కొన్ని శతాబ్దులు పూర్వపువి. వాడి పారవేసిన మూసలచ్చట గుట్టలై పడియున్నవి. గ్రామస్థులు వానిని గోడలలో పెట్టి యిండ్లు కూడ కట్టుకొనిరి. నిలువని దానిని నిలిపిన నిజమైన మాయపాత్ర యిదియే. అది బంగారము నీయలేదు. రాగిలో కలిసి బంగారు వన్నెగల యిత్తడికి కారణమైన లోహము నిచ్చినది.

పాశ్చాత్యుల రసాయనశాస్త్రమును ఇట్లే మూతయొద్ద మలుపు తిరిగినది. వాన్ హెల్మాంటు అను వైద్యుడు బొగ్గును కాల్చినపుడు లేచు నడవి యాత్మ యే పాత్రలోను నిలువదని చూచి, దానికి ‘గ్యాసు’ అను క్రొత్త పేరు పెట్టెను. ఆతని గ్రంథము 1648 లో ప్రకటింపబడినది. పాత్ర యోడిపోయిన చోట నొక శాస్త్రపదము పుట్టినది. 1774 లో లవోజియే తగరమును గాజుపాత్రలో పెట్టి, మూతి కరగించి మూసి, కాల్చి, తెరవకమునుపే తూచెను, బరువు మారలేదు. తెరచినంతనే గాలి లోపలికి చొరబడెను, బరువు పెరిగెను. బైరాగి కుండయు మూసినదే, లవోజియే పాత్రయు మూసినదే. ఒకరి మూత రసమును లోన నిలుపుటకు. మరియొకరి మూత కన్నును వెలుపల నిలుపుటకు. మూసినవాని చేత త్రాసున్నదా, తెరచు దినమున వాడెదుట నుండునా యని చూచిన భేదము తెలిసిపోవును.

ఇవి పాతముచ్చటలు గదా, విద్యావంతులమైన మనకేల యని చదువరులనవచ్చును. ‘రైస్ పుల్లింగ్’ అను పేరుతో, బియ్యపుగింజలను తనవైపు లాగు మహిమగల రాగిపాత్ర యున్నదని, కోట్లు పలుకునని నమ్మించి ధనము లాగుకొను మోసములు మన తెలుగుజిల్లాలలోనే పత్రికల కెక్కుచున్నవి. అందు చిక్కినవారిలో చదువుకొన్నవారును గలరు. పాత్రలో నేదియో ప్రమాదకరమైన కిరణమున్నదని, నిపుణులు వచ్చి పరీక్షించువరకు తాకరాదని చెప్పుదురట. విధవ నీడ పోయి కిరణము వచ్చినది. మూత మాత్రము మారలేదు.

పిల్లలకట్టి కథలు చెప్పుట మానవలెనని నా యభిప్రాయము కాదు. అద్భుతము లేని బాల్యము బీడుభూమి. ఆ బాలుని ప్రశ్న కథ చెప్పుటవలననే గదా పుట్టినది! నేను కోరునది యొక్కటే. కథ ముగిసిన పిమ్మట ప్రశ్నకు చోటుంచుడు. కుండ యేల కారినది, ఎవరు లాభపడిరి, నింద యెవరిపై పడినదియని పిల్లలనే యడుగుడు. కొండవీటి కథ చెప్పిన పామరుడా ప్రశ్నకు దడవక సమాధానము చెప్పినాడు. మా యింటి విద్వాంసులు చెప్పలేకపోయిరి.

మా మామ్మ పోయిన పిమ్మట నామె వస్తువులు పంచుకొనునప్పుడు నగ యొక్కటియు లేదు. ఆమె నీళ్లు తెచ్చుచుండిన యిత్తడిబిందె నా పాలికి వచ్చినది. ఇప్పటికిని మా వంటింట నున్నది. నా కుమార్తె దానినిగూర్చి యడిగినప్పుడు నేను జావరు పనివారి కథయు, బైరాగి కథయు రెండును చెప్పుదును. బైరాగి కథలో మూత తీసినదెవరని యడిగిన, మన యింటిలో కన్ను తెరచి చూచిన దామె యొక్కతెయే యని చెప్పుదును.